వెరోనికా కాకముందు సిబిల్లె

సిబిల్లె ష్మిట్స్ ముఖం చూసి హాస్యకథ రాయాలని ఎవరికీ తట్టి ఉండదు. లోతైన కళ్లు, నల్లటి జుట్టు, ఏదో దాస్తున్నట్టుండే పెదవులు. 1909లో డ్యూరెన్‌లో పుట్టి, బెర్లిన్ చేరి, మాక్స్ రైన్‌హార్ట్ నాటకశాల మీదుగా సినిమాల్లోకి వచ్చింది.

కార్ల్ డ్రయర్ తీసిన ‘వాంపీర్’ (1932)లో ఆమెది చిన్న వేషమే. రక్తపిశాచి కాటుకు గురై మంచం పట్టిన అమ్మాయి. దుప్పటి కింద కుమిలి కుమిలి ఏడుస్తున్నదల్లా మెల్లగా తల తిప్పుతుంది. పెదవులు విచ్చుకుని పళ్లు బయటపడతాయి. పక్కనే ఉన్న తోబుట్టువు వైపు ఆకలిగా చూస్తుంది. ఏడుపు ఎక్కడ ఆగిందో, ఆ నవ్వు ఎక్కడ మొదలైందో పట్టుకోలేం. ఆ సినిమాలో చాలామంది నటన తెలియని మామూలు మనుషులు. వాళ్ల మధ్య ఈ పిల్ల కళ ఏమిటో ఇట్టే తెలిసిపోతుంది.

హిట్లర్ హయాంలో అందగత్తె అంటే బంగారు జుట్టుతో, పాలుగారే బుగ్గలతో కళకళలాడాలి. సిబిల్లె ఆ అచ్చులో ఇమడలేదు. అయినా వేషాలు దొరికాయి. 1936లో ‘ఫెర్‌మన్ మరియా’లో పడవ నడిపే పిల్ల అయింది. ప్రియుడి కోసం వచ్చిన మృత్యువును తన వెంట ఊబిలోకి నడిపిస్తుంది. తను దాటుతుంది, మృత్యువు మునిగిపోతుంది. నన్నడిగితే ఆమె సినిమాల్లో ఇదే మేటి. దాన్ని తీసిన ఫ్రాంక్ విస్బార్ తర్వాత దేశమే విడిచి వెళ్లిపోయాడు.

ఆమె నటించిన ‘టైటానిక్’ (1943) సంగతి మరీ ఘోరం. సైన్యాన్ని తూలనాడాడని దర్శకుడు హెర్బర్ట్ సెల్పిన్‌ను అరెస్టు చేశారు. జైలు గదిలో శవమై కనిపించాడు. పూర్తయిన సినిమాను నాజీ ప్రచార మంత్రి గెబెల్స్ జర్మనీలో ఆడనివ్వలేదు.

యుద్ధం ముగిశాక 1947లో, మ్యూనిక్ శిథిలాల మధ్య తీసిన సినిమాలో ఒక యూదు స్త్రీగా కనిపించింది. ఆ తర్వాత పిలుపులు తగ్గాయి. తాగుడు, మత్తుమందులు పెరిగాయి. ఏది ముందో, ఏది వెనకో విడదీయడం కష్టం. రెండూ ఒకదాన్నొకటి మేపాయి. 1955 ఏప్రిల్ 13న మ్యూనిక్‌లో తన ప్రాణం తనే తీసుకుంది. నలభై అయిదేళ్లు. ఆమెకు మత్తుమందులిచ్చిన డాక్టరు మీద తర్వాత కేసు నడిచింది.

1982లో జర్మన్ దర్శకుడు ఫాస్‌బిండర్ ఆమె ఆఖరి రోజుల ఛాయలతో సినిమా తీస్తే బెర్లిన్ చిత్రోత్సవంలో గోల్డెన్ బేర్ వచ్చింది. మార్ఫిన్ కోసం డాక్టరు గుప్పిట్లో చిక్కిన పాత తారగా రోజెల్ జెక్ గొప్పగానే చేసింది. ఆ తారకు పెట్టిన పేరు వెరోనికా ఫాస్. ఫాస్‌బిండర్‌ను తప్పు పట్టలేను, కానీ అతనికి కావలసింది ఆమె పతనం. ఇప్పుడు ష్మిట్స్ పేరెత్తితే, ‘ఆ వెరోనికా కథ ఈవిడదేనా?’ అంటారు. పడవ పిల్ల మరియా గురించి అడిగేవాళ్లు అరుదు.