కరివేపాకు ఇంటిపేరు

పోయిన ఎండాకాలం సెలవుల్లో మా అమ్మాయిని వెంటబెట్టుకుని సదాశివనగర్ వెళ్ళాను. అది నా పుట్టిల్లు. వంటింట్లో అమ్మ పప్పుచారుకు పోపు పెడుతూ, "ఓ రెబ్బ కల్యామాకు తెంపుకరా బిడ్డా" అని మనవరాల్ని కేకేసింది. కల్యామాకంటే కరివేపాకు. మా వైపు అలాగే అంటారు.

మా అమ్మాయి ఇంటర్మీడియట్‌లో బై.పి.సి. చదువుతోంది. పెరట్లోకి పోయి రెబ్బ తుంచుకొచ్చి, "అమ్మమ్మా, నీ కల్యామాకు అసలు పేరేంటో తెలుసా? ముర్రయా కోనిగీ!" అంది గొప్పగా.

అమ్మ గరిటె ఆపింది. "అసలు పేరేందే? మరి ఇన్నొద్దులు మేం పిలిచింది నకిలి పేరా?"

ముగ్గురం నవ్వుకున్నాం. పప్పుచారు తిన్నాం. కానీ ఆ కోనిగీ మాత్రం నా గొంతులో అడ్డంపడ్డట్టు ఉండిపోయింది. నేను చదివింది బి.ఏ.; వృక్షశాస్త్రానికీ నాకూ చుట్టరికం లేదు. అయినా ఆ మాట వింటుంటే ఎవరో మనిషి పేరులా తోచింది. మనిషి పేరు చెవినబడితే నవలలు రాసుకునేవాళ్ళకు కాలు నిలుస్తుందా? సెలవులన్నీ ఆ పేరు వెంట పడి తిరగడంతోనే సరిపోయింది.

మొదట ఈ పేర్ల పద్ధతి సంగతి చెబుతాను. పూర్వం యూరపులో ఒక మొక్క పేరు చెప్పాలంటే లాటిన్‌లో పొడుగాటి వాక్యం చదవాల్సి వచ్చేది. స్వీడన్ దేశస్థుడు లినేయస్ 1753లో అచ్చువేసిన గ్రంథంలో ప్రతి మొక్కకూ రెండే రెండు మాటలు కేటాయించాడు. మొదటి మాట ఆ మొక్క ప్రజాతికి గుర్తు, రెండో మాట ఆ మొక్కకు గుర్తు. చదివి నవ్వొచ్చింది నాకు. ఇందులో కొత్తేముందండీ? మనం ఇంటిపేరు ముందు చెప్పి, సొంత పేరు తర్వాత చెప్పడం లేదూ? దొరలంతా ఇంటిపేరు వెనక తగిలించుకుంటారు గానీ, చెట్ల దగ్గరికి వచ్చేసరికి లోకం మొత్తం మన తెలుగు పద్ధతికే వచ్చింది!

ఈ రెండు మాటల్లో ఎక్కడైనా మనుషుల పేర్లు పెట్టొచ్చు. రెండో మాటగా పెడితే సాధారణంగా మగవారి పేరు చివర 'ఈ', ఆడవారి పేరు చివర 'ఏ' అన్న చప్పుడు వస్తుంది. మన షష్ఠీ విభక్తి లాంటిదే. 'కోనిగీ' అంటే 'కోనిగ్ యొక్క' అని. కొత్త మొక్కను మొదట ప్రకటించినవారిదే పేరు పెట్టే హక్కు. తన పేరు తనే పెట్టుకోవడం మాత్రం మర్యాద కాదు. గురువు పేరో, స్నేహితుడి పేరో, డబ్బిచ్చిన ప్రభువు పేరో పెడతారు. ఒక్కోసారి పగవాడి పేరు కూడా! సీగెస్‌బెక్ అనే పండితుడు లినేయస్ సిద్ధాంతం అసభ్యంగా ఉందని దుమ్మెత్తి పోశాడు. బంకబంకగా అంటుకునే ఒక పనికిమాలిన కలుపుమొక్కకు అతని పేరు ఉంది. లినేయస్ కసికొద్దీ పెట్టాడని ఇప్పటికీ చెప్పుకుంటారు.

మరి కోనిగ్ ఎవరు? లినేయస్ శిష్యుడు. వైద్యుడు. 1768లో తమిళదేశపు తీరాన ఉన్న డేనిష్‌వారి తరంగంబాడికి వచ్చాడు. కొన్నాళ్ళు ఆర్కాటు నవాబు కొలువు చేశాడు. 1778 నుంచి ఈస్టిండియా కంపెనీకి ప్రకృతి శాస్త్రజ్ఞుడిగా పనిచేశాడు. దొరికిన మొక్కనల్లా ఎండబెట్టి సముద్రం దాటించేవాడు. 1771లో గురువుగారు మన కరివేపాకుకు ఆయన పేరు పెట్టి 'బెర్గెరా కోనిగీ' అన్నారు. తర్వాతివాళ్ళు దాన్ని ముర్రే అనే మరో శిష్యుడి ఇంటికి మార్చి 'ముర్రయా' చేశారు. ఈమధ్య చాలామంది శాస్త్రవేత్తలు మళ్ళీ బెర్గెరా అనే అంటున్నారు. పెళ్ళయి ఇంటిపేరు మారిన ఆడపిల్ల ఇన్నేళ్ళకు పుట్టింటి పేరు మళ్ళీ పెట్టుకున్నట్టన్నమాట. కోనిగ్ మాత్రం అలాగే ఉన్నాడు. పాపం, ఆయన తన దేశం చేరలేదు. 1785లో కాకినాడ జగన్నాథపురంలో కన్నుమూశాడు. మనం రోజూ పోపులో వేసే పేరు గలాయన తెలుగు మట్టిలోనే కలిసిపోయాడని నాకు ఇంతవరకూ తెలియదు.

చివరి రోజుల్లో ఆయనకు వైద్యం చేసినవాడు పక్కనే సామర్లకోటలో ఉన్న విలియం రాక్స్‌బర్గ్. ఇతనూ వైద్యుడే, ఇతనికీ మొక్కల పిచ్చే. సామర్లకోటలో పన్నెండేళ్ళపాటు తోటలు పెంచి, మొక్కలు ఏరి, ఇక్కడి చిత్రకారుల చేత బొమ్మలు వేయించాడు. వాటిలోంచి మూడు వందల బొమ్మలతో కోరమండల్ తీరపు మొక్కల మీద మూడు సంపుటాలు లండన్‌లో అచ్చయ్యాయి. మొదటిది 1795లో వచ్చింది. అందులో మన మోదుగ చెట్టు ఉంది. దాని ఇంటిపేరు చూసి ఉలిక్కిపడ్డాను. 'బ్యూటియా'. బ్యూట్ ప్రభువుగారి పేరది. ఆయన 1762, 63లలో ఏడాది కూడా నిండకుండా ఇంగ్లండుకు ప్రధానమంత్రి. మొక్కలంటే ప్రాణం పెట్టేవాడు, మొక్కల శాస్త్రం చదివేవాళ్ళకు అండగా నిలిచినవాడు. కానీ ఈ దేశంలో ఎన్నడూ అడుగుపెట్టలేదు. హోళీ ముందు ఆకు రాల్చేసి, కొమ్మకొమ్మకూ నిప్పంటుకున్నట్టు పూసే మోదుగను ఆయన చూసే యోగమే లేదు.

ఇక్కడే నాకు మా ఇస్తరాకుల అవ్వ గుర్తొచ్చింది.

నా చిన్నప్పుడు సదాశివనగర్‌లో ఎవరింట్లో పెళ్ళయినా, పెద్దకర్మయినా మోదుగ విస్తళ్ళలోనే భోజనాలు. అవి కుట్టేది అవ్వ. నెత్తి మీద ఆకుల మూట పెట్టుకుని వచ్చి మా అరుగు మీద కూలబడేది. చీపురుపుల్ల విరిచి, ఆకు మీద ఆకు పేర్చి టకటకా కుట్టేస్తుంటే నేను నోరు తెరుచుకుని చూసేదాన్ని. "ముదురాకు పగుల్తది బిడ్డా, లేతాకు చినుగుతది, నడిమి దాన్ని పట్టు" అని నా చేత కూడా కుట్టించింది. అడవిలో ఏ చెట్టు ఎక్కడుందో, దేని బెరడు జ్వరానికి, దేని పండు పిల్లలకు, అన్నీ ఆమెకు తెలుసు. బీడీల తునికాకు కోతకు పోతే నన్ను కూడా తీసుకుపొమ్మని ఏడ్చేదాన్ని.

విస్తరాకులో దొరలు దూరడం మోదుగతో ఆగలేదు. ఉత్తరాంధ్ర మన్యంలో విస్తళ్ళు కుట్టే అడ్డాకు ఉంది చూడండి, దానికి పుస్తకాల్లో 'బౌహీనియా వహ్లీ' అని పేరు. బౌహిన్‌లు స్విట్జర్లాండులో పుట్టిన అన్నదమ్ములిద్దరు. ఒకే ఆకు రెండుగా చీలినట్టుంటుంది కాబట్టి ఆ అన్నదమ్ముల పేరు బాగా కుదిరిందని లినేయస్ ముచ్చటపడ్డాడు. వహ్ల్ డెన్మార్కులో పనిచేసిన పండితుడు. ఏటికొప్పాక లక్కబొమ్మలు చెక్కే అంకుడు చెట్టు 'రైటియా'. ఆ రైట్ ఎక్కడో జమైకాలో వైద్యం చేసిన స్కాట్లండ్ డాక్టరు.

మరి ఇందులో మనం ఎక్కడున్నాం అని రోషం వచ్చింది నాకు. వెతికితే ఉన్నాం. మనుషులుగా కాదు, మాటలుగా.

కోనిగ్ పోయాక ఆయన ఉద్యోగం పాట్రిక్ రస్సెల్‌కు దక్కింది. ఆయన విశాఖపట్నంలో ఉండి పాములను పరిశీలించి 1796లో పెద్ద పుస్తకం అచ్చువేశాడు. ఏ పాము విషమున్నదో, ఏది కాదో తెలియక జనం చచ్చిపోతున్నారని ఆయన తపన. బొమ్మల పక్కన లాటిన్ పేర్లు పెట్టలేదు. ఇక్కడివాళ్ళు చెప్పిన పేర్లే ఇంగ్లీషు అక్షరాల్లో రాసుకున్నాడు. 'కటుక రేకుల పొడ' అని ఒక పాముంది అందులో. అదే రక్తపింజరి. మరుసటి సంవత్సరమే షా అనే ఆయన లండన్‌లో దానికి రస్సెల్ పేరు పెట్టేశాడు. ఇప్పటికీ అది 'రస్సెలీ'. కటుక రేకుల పొడ, ఎంత చక్కటి పేరు! పోయింది.

కానీ ఇంకో పాము గెలిచింది. రస్సెల్ రాసుకున్న 'బంగారు పాము' అన్న మాటను పట్టుకుని ఫ్రెంచి శాస్త్రవేత్త దోదాన్ 1803లో 'బంగారస్' అన్నాడు. మన ఇళ్ళల్లో దూరి భయపెట్టే కట్లపాము ఇంటిపేరు కూడా ఇవాళ ప్రపంచమంతటా అదే. మన వాలుగ చేపను 1851లో డచ్చి పండితుడు బ్లీకర్ 'వల్లాగో' చేశాడు. జ్వరానికి బెరడు కాచి ఇచ్చే సోమి చెట్టును రాక్స్‌బర్గ్ పరీక్షలు చేసి, సింకోనా బెరడుకు బదులు వాడొచ్చేమోనని 1793లో రాశాడు. తర్వాత దాని తెలుగు పేరే ఇంటిపేరై 'సోయ్‌మిడా' అయింది. మా ఇస్తరాకుల అవ్వ బెరడు గీకి తెచ్చిన చెట్టు ఇదేనని చదివినప్పుడు నాకు ఒళ్ళు జలదరించింది.

ఎవరో చెప్పబట్టే కదా రస్సెల్ ఆ పేర్లు రాసుకున్నాడు? ఎవరో పట్టి తేబట్టే కదా ఆ పాములు చూశాడు? రాక్స్‌బర్గ్ బొమ్మలు వేసిన చేతులు ఎవరివి? రెండున్నర వేలకు పైగా బొమ్మలున్నాయి. వేసినవాళ్ళ పేర్లు చాలామటుకు ఎక్కడా రాసి పెట్టలేదు. కూరలో కరివేపాకు సామెత ఎవరు కట్టారో గానీ, రుచి ఇచ్చిందాన్నే ఏరి పక్కన పెట్టడం ఒక్క భోజనాల దగ్గరే జరగదు.

అలాగని ఎప్పుడూ అన్యాయమే జరిగిందని నేను అనను. భీమవరంలో పుట్టి, అమెరికాలో ఎన్నో మందులకు మూలపురుషుడై, బతికుండగా తగినంత పేరు రాని యల్లాప్రగడ సుబ్బారావుగారు 1948లో పోయారు. అయిదేళ్ళకు అక్కడి శాస్త్రవేత్త ఒకరు కొత్తగా దొరికిన ఒక శిలీంధ్రానికి 'సుబ్బారోమైసెస్' అని ఆయన పేరు పెట్టాడు. 1766లో బౌగెన్‌విల్ ఓడల్లో మగవేషం వేసుకుని ఎక్కి, కొమ్మర్సన్ అనే పండితుడికి సాయంగా మొక్కలు ఏరిన జాన్ బారే అనే ఫ్రెంచి మనిషి ఉంది. ప్రపంచాన్ని చుట్టొచ్చిన మొదటి ఆడమనిషి ఆమే అంటారు. ఓడల నాయకుడి పేరు మన గేటు మీది కాగితంపూల తీగకు ఎక్కింది. కొమ్మర్సన్ పేరు డెబ్బైకి పైగా జీవులకు ఉంది. ఆమె పేరు 2012లో ఒక వంకాయ జాతి మొక్కకు పెట్టారు, 'బారేటియే' అని. 'ఏ' అన్న ఆ ఒక్క చప్పుడు కోసం రెండు వందల నలభై ఏళ్ళు పైగా పట్టింది.

మన కడప జిల్లా కలివికోడి సంగతి చూడండి. దాన్ని ఇంగ్లీషులో జెర్డన్ అనే సైనిక వైద్యుడి పేరుతో పిలుస్తారు. 1900 తర్వాత ఎవరికీ కనబడలేదు, అంతరించిపోయిందనే అనుకున్నారు. 1986 జనవరిలో బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీ తరఫున వెతుకుతున్న భరత్ భూషణ్‌గారి బృందానికి లంకమల దగ్గర పిట్టలు పట్టే ఐతన్న దాన్ని సజీవంగా పట్టి తెచ్చాడు. ఎనభై ఆరేళ్ళ తర్వాత! పక్షికి ఐతన్న పేరు ఎవరూ పెట్టలేదు. మొదటి పేరే చెల్లాలన్నది నియమం. కానీ ఆ కథ ఎక్కడ రాసినా ఐతన్న పేరు రాస్తున్నారు. అంతమటుకు మన కాలం మెరుగే.

ఇదంతా ఒక రాత్రి డాబా మీద పడుకుని అమ్మకు చెబుతున్నాను. దొరలు ఇలా చేశారు, అలా చేశారు అని నేను ఆవేశపడిపోతుంటే అమ్మ ఊఁ కొడుతోంది. ఉన్నట్టుండి నా నోరు నేనే మూసుకున్నాను.

నా మొదటి నవలలో విస్తళ్ళు కుట్టే ముసలమ్మ ఒకతె ఉంది. పాఠకులందరికీ నచ్చిన పాత్ర అదే. ఉత్తరాలన్నీ ఆమె గురించే. ఆమె మాటలన్నీ అవ్వవే. ముదురాకు లేతాకు మాటతో సహా. నవల మీద నా పేరుంది. లోపల అవ్వకు నేను పెట్టిన కల్పిత నామం ఒకటుంది.

"అమ్మా, ఇస్తరాకుల అవ్వ పేరేంటి?"

"ఇస్తరాకుల అవ్వే గదా."

"కాదమ్మా, అసలు పేరు."

అమ్మ చాలాసేపు మాట్లాడలేదు. హైవే మీద లారీలు పోతున్న చప్పుడు వినిపిస్తోంది. "నువ్వన్నంక యాదికొస్తుంది. ఎన్నడు ఎవ్వలం అడుగలే బిడ్డా" అంది.

అవ్వ పోయి చాలా ఏళ్ళయింది. ఆమె మనవడు ఊళ్ళోనే ఉన్నాడట. హోళీకి మళ్ళీ వెళ్తున్నాను; అప్పటికి మోదుగలు పూసి ఉంటాయి. అతని గుమ్మం ముందు నిలబడి మొదట అడగబోయేది ఆ పేరే. నవల మళ్ళీ అచ్చుకు పోతే మొదటి పేజీలో వేయడానికి.