కరణం గంటం: రాతకున్న బలం ఎవరిది?

తెలుగులో 'రాత' అన్న మాటకు రెండర్థాలున్నాయి. చేత్తో రాసేదీ రాతే, నుదుట రాసి ఉందనుకునేదీ రాతే. రాసింది జరిగి తీరుతుందన్న నమ్మకం ఈ ఒక్క మాటలోనే ఇమిడి ఉంది. బ్రహ్మ రాస్తాడు, చిత్రగుప్తుడు లెక్క కడతాడు. అక్షరంతో లోకాన్ని మార్చగల లేఖకుల కూటమి ఒకటి ఉందని చెప్పే కథలు చదివి ఆశ్చర్యపోతాం. అటువంటి లేఖకులు మన పల్లెల్లోనే శతాబ్దాలపాటు ఉన్నారన్న సంగతి మాత్రం మరిచిపోతాం. వారు కరణాలు. వారి చరిత్ర రెవిన్యూ శాఖ చరిత్ర మాత్రమే అనుకోరాదు. రాతను వృత్తిగా పెట్టుకున్న మనందరికీ అది సంబంధించినది.

విజయనగర కాలం నాటికే గ్రామజీవితంలో పన్నిద్దరు ఆయగాండ్ర వ్యవస్థ స్థిరపడింది. రెడ్డి, కరణం, తలారి, వడ్రంగి, కమ్మరి, చాకలి, మంగలి వంటివారు ఇందులోనివారు. వీరికి జీతం లేదు. మాన్యం భూములు, కళ్లం దగ్గర కొలిచే మేర, ఇవే వారి ఆదాయం. కమ్మరి చేసిన కర్రు అందరికీ కనిపిస్తుంది. కరణం చేసేది తాటాకు మీద గంటంతో ఒక గీత. అయినా ఆ కర్రు ఎవరి పేర ఏ చేలో దిగాలో తేల్చేది ఆ గీతే. శ్రమ చేసేవాడికంటె శ్రమను లెక్కకట్టేవాడికి ఎక్కువ బలం ఎక్కడినుంచి వచ్చింది?

ఇందుకు మూడు కారణాలు చెప్పుకోవచ్చు. మొదటిది, చదువు మీది గుత్తాధిపత్యం. ఊరంతా నిరక్షరాస్యులైనచోట కవిలె కట్ట ఒక్క ఇంట్లో ఉండేది. పైగా కరణాల గొలుసుకట్టు రాత అక్షరం వచ్చినవాడికి కూడా సులభంగా కొరుకుడు పడేది కాదు. రెండవది, వారసత్వం. బ్రిటిషు ప్రభుత్వం ఈ అలవాటును కూలదోయలేదు సరిగదా, 1895లో మద్రాసు వంశపారంపర్య గ్రామోద్యోగాల చట్టంతో దానికి శాసనబలం ఇచ్చింది. ఇలాంటి ఉద్యోగానికి పుట్టుకను అర్హతగా చూడడం రాజ్యాంగవిరుద్ధమని సుప్రీంకోర్టు చెప్పడానికి 1960 దాకా ఆగవలసి వచ్చింది. ఆ వ్యాజ్యం కూడా మన రాష్ట్రం నుంచే వెళ్లింది.

మూడవది అన్నిటికంటె ముఖ్యమైనది. కరణం రాతను రాజ్యం నమ్మింది. అడంగల్లో ఎవరి పేరుంటే వారి దగ్గరే శిస్తు, వారిదే దఖలు, కోర్టులో వారిదే సాక్ష్యం. రాత వెనక అమీనా ఉన్నాడు, జప్తు ఉంది, జైలు ఉంది. మంత్రం ఫలించినట్టు కనిపించేది ఈ బలగం వల్లనే. ఈ మూడో కారణాన్ని విస్మరించి కరణం జిత్తులమారితనాన్ని మాత్రమే చెప్పుకోవడం మన సాహిత్యానికి అలవాటైంది. సుమతీ శతకంలో కరణాన్ని గురించిన పద్యాలు హెచ్చరికలుగానే ఉన్నాయి. వ్యక్తి గుణంగా చూసినదాన్ని వ్యవస్థ గుణంగా చూడడం ఆధునిక నవల వచ్చాకనే సాధ్యమైంది. దాశరథి రంగాచార్య 'చిల్లర దేవుళ్లు'లో దొర పక్కన కరణం ఉండడం యాదృచ్ఛికం కాదు. దొరకు కర్ర ఉంది, ఆ కర్ర చేసిన పనికి కాగితం కావాలి.

అయితే నాణేనికి రెండో వైపు కూడా చూడాలి. కాలిన్ మెకంజీ 1821లో మరణించేదాకా సేకరించిన స్థానిక చరిత్రలకు, కైఫీయతులకు, కరణాల దండకవిలెలే ముఖ్యమైన ఆధారం. కావలి బొర్రయ్య, లక్ష్మయ్య సోదరులు ఆ కృషిలో పాలుపంచుకున్నారు. దక్షిణ భారతంలో చరిత్ర రచనే లేదన్న వాదాన్ని వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్, సంజయ్ సుబ్రహ్మణ్యం 2001లో ఖండించినప్పుడు వారు చూపిన సాక్ష్యాల్లో కరణాల సంస్కృతి ప్రధానమైనది. పండితులు పద్యంతో కాలక్షేపం చేస్తున్న రోజుల్లో ఊరి చెరువు గురించి, కరువు గురించి, పన్ను గురించి వచనం రాసింది కరణమే. మన వచన చరిత్ర ఈ రుణాన్ని ఒప్పుకోవాలి. కాని ఆ వచనంలో చెరువు తవ్వించినవాడి పేరుంటుంది, తవ్వినవాడి పేరుండదు.

తెలంగాణలో పట్వారీ రాతకు జవాబు మరో రూపంలో వచ్చింది. 1946-51 సాయుధ పోరాటంలో రైతులు దొరల గడీల మీద పడినప్పుడు అప్పుపత్రాలను, లెక్కల కాగితాలను తగలబెట్టారు. దీన్ని అజ్ఞానుల ఆవేశంగా చూసినవారున్నారు. నిజానికి తమ బతుకును బంధించినది ఏదో ఆ రైతులకు స్పష్టంగా తెలుసు. రాత శక్తిని వారికంటె బాగా అర్థం చేసుకున్న విమర్శకులు అరుదు.

1984 జనవరిలో ఎన్.టి. రామారావు ప్రభుత్వం ఆర్డినెన్సుతో కరణం, మునసబు, పటేల్, పట్వారీ పదవులను రద్దు చేసింది. శతాబ్దాల అధికారం ఒక్క కలంపోటుతో పోయింది. రాతతో వచ్చినది రాతతోనే పోవడం చరిత్రలోని చమత్కారం. మరి మాయ పోయిందా? 2020లో తెలంగాణలో వచ్చిన ధరణి రికార్డులో అనుభవదారు గడి లేకపోయింది. దున్నేవాడు ఉన్నాడు, దున్నినట్టు రాయడానికి చోటు లేకపోయింది. కౌలురైతు ఆత్మహత్య చేసుకున్నా, అతను రైతని చూపే కాగితం కోసం భార్య ఆఫీసుల చుట్టూ తిరగాలి. తాటాకు పోయి కంప్యూటరు తెర వచ్చింది. రాయనిదాన్ని లేనిదానిగా చేసే శక్తి అలాగే ఉంది.

సాహిత్య విద్యార్థులు పాత పత్రాలను చదివేటప్పుడు రాసినదానితోపాటు ఖాళీగా వదిలిన గడిని కూడా చదవడం నేర్చుకోవాలి. రచయిత రాతకు అమీనా అండ లేదు. కథలో పేరెక్కినంతమాత్రాన ఎవరికీ పట్టా రాదు. అయినా అడంగల్ రాయని మనిషిని రాసే స్వేచ్ఛ రచయితకు ఉంది. ఆ స్వేచ్ఛను వాడుకోని రచయిత, జీతం లేకుండానే, పాత కరణం ఉద్యోగం చేస్తున్నట్టు లెక్క.