నూమెనోర్ మునక

బ్రిటిష్ రచయిత జె. ఆర్. ఆర్. టోల్కీన్ సృష్టించిన మిడిల్ ఎర్త్ చరిత్రలో రెండో యుగం 3319లో జరిగిన మహావిపత్తు నూమెనోర్ మునక. ఒక ద్వీపరాజ్యం ప్రజలతో సహా సముద్రంలో కలిసిపోయింది. అప్పటిదాకా బల్లపరుపుగా ఉన్న లోకం గుండ్రంగా మారింది. అమరులు నివసించే ఆమన్ ఖండం మనుషుల ఓడలకు ఇక అందకుండా పోయింది. ఈ కథకు ప్రధాన ఆధారం ‘ది సిల్మరిలియన్’లోని ‘అకల్లబేత్’ అనే భాగం. టోల్కీన్ మరణానంతరం ఆయన కుమారుడు క్రిస్టఫర్ 1977లో ఆ గ్రంథాన్ని ప్రచురించాడు. కాలపట్టిక ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ అనుబంధాల్లో ఉంది. 1980లో వచ్చిన ‘అన్‌ఫినిష్డ్ టేల్స్’ మరికొన్ని వివరాలు చేర్చింది. ఈ విపత్తును సౌరాన్ అనే మాయావి పన్నిన కుట్రగా చదవడం పరిపాటి. మూడు ఆధారాలనూ పక్కపక్కన పెట్టి చూస్తే ఆ అభిప్రాయం నిలబడదు. సౌరాన్ అడుగు పెట్టడానికి వెయ్యేళ్ల ముందే నూమెనోర్‌లో ముసలం పుట్టింది.

మొదటి యుగంలో మోర్గోత్ అనే దుష్టశక్తికి ఎదురు నిలిచిన మానవ తెగలకు బహుమానంగా, దేవతాశక్తులైన వలార్‌లు ఈ ద్వీపాన్ని సముద్రం నుంచి పైకి తెచ్చారు. ఇతర మనుషులకు లేనంత ఆయుష్షు కూడా వారికి దక్కింది. మొదటి రాజు ఎల్రోస్ 500 ఏళ్లు బతికాడు. ఆంక్ష ఒక్కటే: తమ తీరం కనుమరుగయ్యేంత దూరం పడమటికి ఓడ నడపరాదు. తొలి రాజులు శక్తి ఉడిగిపోకముందే రాజదండాన్ని వారసుడికి అప్పగించి, తమ ఇష్టంతోనే ప్రాణం విడిచేవారు. తార్-అతనమీర్ ఆ ఆనవాయితీ తప్పాడు. ఆమన్ నేల ఎవరినీ అమరులను చెయ్యదని, అక్కడ అమరులు ఉండబట్టే ఆ నేలకు ఆ పవిత్రత వచ్చిందని వలార్‌ల దూతలు వచ్చి నచ్చజెప్పినా చెవికెక్కించుకోలేదు. బతుకు మీద ఆశ చావక, చివరి ఊపిరి దాకా సింహాసనాన్ని పట్టుకుని వేలాడి 2251లో మరణించాడు. ప్రజలు రాజపక్షంగా, వలార్‌లకు కట్టుబడిన విశ్వాసులుగా చీలడాన్ని కాలపట్టిక అప్పటి నుంచే లెక్కిస్తుంది. శవాలు చెడకుండా కాపాడే విద్యలు, మహాసమాధులు ఆ తరువాతి పరిణామాలే.

మృత్యుభయానికి దురాశ తోడైంది. రెండో యుగం 600లో మిడిల్ ఎర్త్ తీరానికి మళ్లీ వచ్చిన నూమెనోర్ నావికులు అక్కడివారికి వ్యవసాయం, చేతిపనులు నేర్పిన మిత్రులు. 1800 ప్రాంతం నుంచి వారే తీరాల మీద పెత్తనం స్థాపించి కప్పం వసూలు చేశారు. గ్వథ్లో నది విషయంలో ‘అన్‌ఫినిష్డ్ టేల్స్’ చెప్పే సంగతి మరీ బాధాకరం. ఓడల కలప కోసం వారు ఆ నదికి రెండు వైపులా ఉన్న మహారణ్యాలను నరికేశారు, కొత్త మొక్క నాటలేదు. అడవినే నమ్ముకున్న స్థానికులు మాటు వేసి దాడి చేస్తే వారిని శత్రువులుగా చూశారు, నరుకుడు ఇంకా నిర్దయగా సాగింది. ఓడిపోయిన ఆ జనంలో కొందరు తీరాన మిగిలిన అడవుల్లోకి, మరికొందరు తూర్పు కొండల్లోకి పారిపోయారు. ఈ దోపిడీకి ఏ మాయావి సలహా కావలసి వచ్చింది? ద్వీపంలో సైతం ఎల్ఫ్ అనే అమర జాతి భాషలను పూర్తిగా నిషేధించి, విశ్వాసులను పడమటి తీరం నుంచి తూర్పున రోమెన్నా రేవు పరిసరాలకు బలవంతంగా తరలించినవాడు రాజు అర్-గిమిల్‌జోర్. సౌరాన్ అప్పటికింకా రాలేదు.

మరి సౌరాన్ లేకపోతే ఆలయం, నరబలి, చివరి దండయాత్ర జరిగేవా అని అడగవచ్చు. ఆ రూపంలో జరిగేవి కావు. అతడి నేరం చిన్నది కాదు. ఆర్మెనెలోస్ నగరంలో 500 అడుగుల వెడల్పు, 500 అడుగుల ఎత్తున వృత్తాకార ఆలయం కట్టించాడు. దాని బలిపీఠం మీద మొట్టమొదట కాల్చింది నిమ్లోత్ అనే తెల్లని చెట్టును. ఆ పొగ ఏడు రోజులు దేశాన్ని కమ్మింది. తరువాత విశ్వాసులు బలయ్యారు. ఆలయపు వెండి గోపురం మసిబారింది. కానీ అతడిని 3262లో ద్వీపానికి తెచ్చినవాడు అర్-ఫరజోన్. పెదతండ్రి కూతురు మీరియెల్‌ను బలవంతంగా పెళ్లాడి 3255లోనే రాజ్యం కాజేసిన ఆ రాజు, తన బలం చాటుకోవడానికే శత్రువును బందీగా వెంట తెచ్చుకున్నాడు. పడమటికి దండెత్తితే అమరత్వం దక్కుతుందన్న సౌరాన్ మాట, దూతలు వెయ్యేళ్ల క్రితమే తప్పని చెప్పిన భ్రమకు మరో రూపం. వినాలనుకున్నవారికే అతడు చెప్పాడు.

రెండో ఆక్షేపణ ఇంతకంటే బలమైనది. రాజు చేసిన తప్పుకు పసిపిల్లలు ఎందుకు మునిగిపోవాలి? రాజు నౌకాదళం ఆమన్ మీదికి బయలుదేరిన ముప్పై తొమ్మిదో రోజున ద్వీపం కూలింది. రాణి మీరియెల్ మెనెల్తర్మ శిఖరం ఎక్కబోతుండగానే అల మింగేసింది. వలార్‌లు తమ అధికారాన్ని వదులుకోగా, సృష్టికర్త ఇలూవతార్ స్వయంగా ఇచ్చిన తీర్పు ఇది. దీన్ని న్యాయమని ఒప్పించే వాదన మూలగ్రంథంలో లేదు, ఉన్నట్టు నటించడం సరికాదు. అయితే అది శిక్ష న్యాయాన్ని గురించిన ప్రశ్న. పతనానికి కారణమేమిటన్నది వేరే ప్రశ్న. తొలి తరాలు ఇబ్బంది లేకుండా పాటించిన ఆంక్ష తరువాతి వారికి అన్యాయంగా తోచిందంటే, మారింది ఆంక్ష కాదు, మనుషులు.

ఈ వాదనకు గట్టి రుజువు విపత్తు తరువాతి చరిత్రలో ఉంది. విశ్వాసుల నాయకుడు ఎలెండిల్ తొమ్మిది ఓడలతో బయటపడి, 3320లో కొడుకులు ఇసిల్దుర్, అనారియన్‌లతో కలిసి ఆర్నోర్, గోండోర్ రాజ్యాలు స్థాపించాడు. రోగం సౌరాన్ అంటించినదే అయితే అతడిని ఎదిరించిన వీరి సంతతికి అది సోకకూడదు. సోకింది. బతికున్నవారి ఇళ్ల కంటే సమాధులను ఘనంగా కట్టిన గోండోర్ రాజుల గురించి ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’లో గోండోర్ సేనాని ఫరమీరే కథానాయకుడు ఫ్రోడోతో చెబుతాడు. మూడో యుగం 1432లో రాజైన ఎల్దకార్ తల్లి ఉత్తరాది తెగ స్త్రీ. పరాయి రక్తం కలిస్తే రాజవంశపు ఆయుష్షు తగ్గిపోతుందన్న భయంతో సొంతవాళ్లే అతడిపై తిరగబడ్డారు. 1437లో ఓస్గిలియత్ నగరం తగలబడింది, అందులోని పలంతీర్ అనే దూరదర్శన శిల నదిపాలైంది. ఇంత విధ్వంసానికి మూలమైన ఆ భయం ఎంత నిరాధారమో ఎల్దకార్ జీవితమే తేల్చింది: అతడు 235 ఏళ్లు బతికాడు.

తార్-అతనమీర్ విడిచిపెట్టిన ఆనవాయితీని ఎలెండిల్ వంశస్థుడు అరగోర్న్ పాటించాడు. నాలుగో యుగం 120లో, 210 ఏళ్ల వయసులో, ఒంట్లో శక్తి ఉండగానే రాజ్యాన్ని కొడుకు ఎల్దారియన్‌కు అప్పగించి తన ఇష్టంతో ప్రాణం విడిచాడు.