చీనా పింగాణియు మోటుపల్లి రేవును

చీనదేశపుఁ బట్టు మనకుఁ బేరుతోఁ గూడ వచ్చినది. ఆ దేశపు మృత్పాత్రము పేరులేక వచ్చినది. అర్థశాస్త్రమునఁ జీనపట్టము గలదు. కాళిదాసుని నాఁటికే చీనాంశుకము కావ్యముల కెక్కెను. అమరసింహుఁడు మాత్రము ఘటశరావాదులఁ జెప్పెనే కాని పింగాణిని దెలుపు పదమును జెప్పలేదు. ఆతని కాలమునకుఁ జీనాలోనే యది పరిణతిఁ బొందలేదు గాన నిది లోపము గాదు. మన పింగాణి శబ్దము సంస్కృతభవము గాదు, చీనాపదమును గాదు. పారసీకమునఁ ‘బింగాన్’ అనఁగా గిన్నె. ఆ పేరే పాత్రమునుండి పదార్థమునకుఁ బ్రాఁకినది. చేసినవా రొకరు, తెచ్చినవారు వేఱొకరు. పేరు తెచ్చినవారి భాషలో నిలిచినది.

శాలివాహన శకము 1166, అనఁగా క్రీ. శ. 1244 సంవత్సరమునఁ గాకతీయ గణపతిదేవుఁడు మోటుపల్లిలో నభయశాసనము వేయించెను. కొత్తగూడ యడవులకుఁ బొరుగున నున్న పాకాల చెఱువును, నేఁటి బాపట్ల జిల్లాలోని యీ రేవు వ్యవస్థయు నొక్క రాజు నేలుబడిలోనివే. తుపానునఁ జిక్కి దరిఁ జేరిన యోడల సరకును బూర్వరాజులు బలిమిఁ గైకొనుచుండిరి. గణపతిదేవుఁడు దానిని మానిపి క్లృప్తశుల్కము మాత్రమే కొందు నని మాట యిచ్చెను. తెలుఁగున క్లుప్త మనఁగా సంక్షిప్త మని రూఢి. ఇచట క్లృప్త మనఁగా నేర్పఱుపఁబడిన దని యర్థము. ఎగుమతి దిగుమతులపై నా శుల్కము ముప్పదింట నొకటి.

పిదప సరకుల పట్టిక. చందనము, కర్పూరము, చీనికర్పూరము, ముత్యములు, పన్నీరు, దంతము, పునుఁగు, రాగి, సీసము, పట్టునూలు, పగడములు, మిరియములు, పోఁకలు: ఇన్ని గలవు. పింగాణి లేదు.

దీనిం బట్టి యది మనరేవులకు రాలేదనుట తొందరపాటు. 1970 దశాబ్దమున మోటుపల్లిలోఁ ద్రవ్వకములు జరుపఁగాఁ జీనా పింగాణి పెంకులు, ఆకుపచ్చ మెఱుఁగు గల సెలడన్ పెంకులు దొరకినవి. దక్షిణమున నెల్లూరి తీరపుఁ గొత్తపట్నమునను 13, 14 శతాబ్దుల చీనా పెంకులు వెడలినవి. ప్రత్యేక శుల్కము లేని సరకు ముప్పదింట నొకటి యను సామాన్యవిధిలో నడఁగియుండుననుట యుక్తము. విశేషవిధి లేనిచో సామాన్యవిధియే ప్రవర్తించు ననుట వైయాకరణులకుఁ గ్రొత్త గాదు. శాసనములనే ప్రమాణముగాఁ గొని పెంకులను బాఱవైచుట మన చరిత్రకారులకు మంచి యలవాటు గాదు. మార్కోపోలోయు నీ రేవును ముత్ఫిలి యని పేర్కొని వజ్రములను, సన్నని వస్త్రములను బొగడి యూరకుండెను.

పల్లెకుండకును బింగాణికిని భేదము మట్టిలోను గలదు, మంటలోను గలదు. కుమ్మరి యావపు వేఁడిమి సాధారణముగా 900 డిగ్రీలలోపే. అందుచేతఁ గుండగోడలో సూక్ష్మరంధ్రములు నిలుచును, నీరు చెమర్చి చల్లఁబడును. వేసవిలో నది గుణమే. పింగాణికిఁ దెల్లని కయోలిన్ మట్టియు నొక జాతి ఱాతిపొడియుఁ గలిపి 1300 డిగ్రీల కించుమించుగాఁ గాల్తురు. అపుడు మట్టి కొంత గాజై రంధ్రములు మూసికొనును. వ్రేలితో మీటిన ఖంగు మనును. కయోలిన్ అను పేరు జింగ్‌దెజెన్ చేరువనున్న గావోలింగ్ కొండనుండి వచ్చినది.

సెలడన్ సొగసు ఱంగులో నున్నది. పూఁతలోఁ గొంచెము ఇనుము. గాలి చాలని మంటలోఁ గాల్చిన నదియే యాకుపచ్చయగును. గాలి యాడు మంటలో మన కుండకు నెఱుపు దెచ్చునదియు నా యినుమే. నీలి చిత్రములు గల తెల్ల పింగాణి 14వ శతాబ్దిలోఁ బ్రసిద్ధి కెక్కెను. కన్నుల కది వెంటనే యింపగును, సెలడన్ మాత్రము చూడఁజూడఁ బట్టును. ఈ రెండు జాతులను మూఁడవ సాలార్‌జంగు (1889–1949) కూర్చిన సంపదలోఁ జూడవచ్చును. ఆ ప్రదర్శనశాల 1951లోఁ దెఱవఁబడెను.

విషాన్నము వడ్డించిన సెలడన్ పళ్లెము పగులు ననియు, ఱంగు మాఱు ననియు దక్కను కొలువులలో నమ్మిక యుండెను. రసాయనశాస్త్ర మొప్పుకొనదు: ఆ పూఁతకు భోజనద్రవ్యము లేవియు నంటవు, పులుసును ఉప్పును దానిని గొఱుకలేవు. ఆ గుణము చేతనే తెలుఁగింట మెఱుఁగుపూఁత జాడీలో నావకాయ యేఁడాది నిలుచుచున్నది.