అన్నమంటే వరన్నమేనా?

"వరన్నం" అన్న మాటను ఒక్కసారి విడదీసి చూడండి. అన్నమంటే వరి మాత్రమే అయితే, ముందు "వరి" అని చేర్చవలసిన అవసరమేమిటి? జొన్నన్నం, కొర్రన్నం, ఆరికన్నం మన కంచాల్లో ఉన్న కాలపు మాట అది. ఉడికిన గింజ ఏదైనా అన్నమే.

జొన్నకూడు అనగానే మనకు పలనాడు గుర్తుకొస్తుంది. శ్రీనాథుని పేర ప్రచారంలో ఉన్న చాటువుల చలవ అది! కానీ కాలువలు రాకముందు కాకుమాను, బాపట్ల ప్రాంతాల్లోనూ వాననీటిని నమ్ముకొన్న నేలలే ఎక్కువ. 1832-33 నాటి నందన కరువు గుంటూరు సీమను తుడిచిపెట్టింది. బెజవాడ వద్ద కృష్ణపై ఆనకట్ట 1852లో మొదలై 1855లో పూర్తయింది. పశ్చిమ డెల్టా కాలువలు సాగేకొద్దీ మెట్ట మాగాణిగా మారింది; కొమ్మమూరు కాలువ కాకుమాను పరిసరాలకు కృష్ణ నీటిని తెచ్చింది. నీటితోపాటు కంచమూ మారింది. 1983లో వచ్చిన రెండు రూపాయల కిలో బియ్యం, కాలువ చేరని ఊళ్ళకు సైతం వరన్నాన్ని చేర్చింది.

జొన్నన్నం వండటం తేలికే, గింజను సిద్ధం చేయడమే కష్టం. జొన్నలపై నీళ్ళు చిలకరించి, రోట్లో దంచి, చేటతో చెరిగి పొట్టు పోగొట్టాలి. సోలెడు గింజకు మూడు సోలలకు తగ్గని ఎసరు పెట్టి, గంజి వార్చకుండా, సన్నని సెగపై ఇగరనివ్వాలి. గోంగూర పచ్చడో, మజ్జిగో తోడైతే చాలు. అయితే ఆ రోకలి పోటు వేసినవారు ఆడవాళ్ళు. మరపట్టిన బియ్యం వారి భుజాలకు ఇచ్చిన విశ్రాంతిని మరచి, పాతరోజులను పొగడటం న్యాయం కాదు.

విచిత్రమేమిటంటే, జొన్న మళ్ళీ డెల్టాకు వచ్చింది. వరికోతల తరువాత మినుము వేసే మాగాణుల్లో పల్లాకు తెగులు, బంగారుతీగ బెడద పెరగడంతో, ఎందరో రైతులు దుక్కి దున్నకుండానే మొక్కజొన్న, జొన్న వేయసాగారు. ఆ గింజలో చాలాభాగం పశువుల, కోళ్ళ దాణాకు పోతుంది. ఐక్యరాజ్యసమితి 2023ను చిరుధాన్యాల సంవత్సరంగా జరిపింది; పట్నాల్లో జొన్నలు ఆరోగ్యాహారమయ్యాయి. పొలానికి తిరిగివచ్చిన గింజ, ఆ పొలం ఉన్న ఊరి వంటింటికి ఇంకా పూర్తిగా చేరలేదు.

ఈసారి పొట్టు తీసే పని మరకు అప్పగించవచ్చు. మిగిలింది ఎసరు పెట్టడమే.