ఉప్పుటేటి రొయ్య చెరువుకు చేరిన చరిత్ర

టైగర్ రొయ్య సముద్రంలో పుట్టి, ఏటి మొగల్లో పెరిగి, ఈడు వచ్చాక మళ్ళీ సముద్రానికే పోతుంది. తెల్ల రొయ్యదీ ఇదే దారి. ఈ రాకపోకల్లో ఎక్కడో ఒకచోట కాచుకుని పట్టుకోవడమే చాలాకాలం ఆంధ్ర తీరంలో రొయ్యల వ్యాపారం. మొదట ఏటి మొగల్లో వలలు కట్టారు. తరవాత ట్రాలర్లు సముద్రంలో పెద్ద రొయ్యల వెంట పడ్డాయి. ఆ పైన పిల్లల్ని ఏరి తెచ్చి చెరువుల్లో పోశారు. చివరికి గుడ్డు నుంచి ఎగుమతి డబ్బా దాకా అంతా మనిషి చేతికి వచ్చింది. ఈ మలుపుల్లో ప్రతిదాని వెనకా రొయ్య శరీరధర్మం గురించి కొత్తగా తెలిసిన సంగతి ఒకటి ఉంది. వ్యాపారం చతికిలబడ్డప్పుడల్లా, తెలిసీ పట్టించుకోని సంగతి ఒకటి ఉంది.

రొయ్యలు, పీతలు, లాబ్‌స్టర్లు క్రస్టేషియా అనే పెద్ద వర్గంలోవి. ఇందులో ఇప్పటికి 60 వేలకు పైగా జాతులను గుర్తించారు, వాటిలో అధికభాగం సముద్రానివే. నీటిలో తేలాడే కోపెపాడ్లు, తిమింగలాలకు ఆహారమైన క్రిల్, పడవల అడుగున గట్టిగా అతుక్కునే బార్నకిల్స్ కూడా ఈ వర్గానివే. రొయ్య, పీత, లాబ్‌స్టర్ మూడూ పది కాళ్ళవి కాబట్టి వాటిని దశపాదులు అంటారు. వీటి రక్తంలో ఆక్సిజన్‌ను మోసేది ఇనుము కాదు, రాగి. అందుకే గాలి తగిలితే అది లేత నీలంగా మారుతుంది. ఒంటి మీది పెంకు సాగదు. పెరగాలంటే పాత పెంకు విడిచి, కొత్తది గట్టిపడేదాకా మెత్తటి ఒంటితో దాక్కోవాలి. ఆ కొద్ది గంటల్లో తోటి రొయ్యలే దాన్ని తినేస్తాయి. ఇలా పెంకు విడవడాన్ని చెరువు రైతులు ‘మోల్టింగ్’ అంటారు. అమావాస్యకూ పౌర్ణమికీ అది ఎక్కువగా జరుగుతుందని వాళ్ళ అనుభవం. సరుకు మెత్తగా ఉంటే ధర పడిపోతుంది కనుక పట్టుబడికి ఆ రోజులు తప్పిస్తారు.

వీటిలో రొయ్య ఒక్కటే ఇంత పెద్ద సాగు కావడానికి కారణం గుడ్ల దగ్గర ఉంది. లాబ్‌స్టరూ పీతా గుడ్లను పొట్ట కింద అంటించుకుని పొదిగేదాకా మోస్తాయి. మంచినీటి నీలకంఠ రొయ్య కూడా అంతే. టైగర్, తెల్ల రొయ్య, వనామీ ఉన్న పీనియిడ్ కుటుంబం మాత్రం గుడ్లను నేరుగా నీటిలోకి వదిలేస్తుంది. పెద్ద టైగర్ తల్లి ఒక్క రాత్రిలో లక్షల గుడ్లు పెడుతుంది. అవి సగం రోజులోనే పొదుగుతాయి. బయటపడ్డ నాప్లీ తనలోని పచ్చసొన మీద బతుకుతుంది, జోయా దశలో డయాటమ్‌లనే సూక్ష్మ నాచు తింటుంది, మైసిస్ దశలో చిన్న జీవుల వేటకు దిగుతుంది. పది పన్నెండు రోజుల్లో పెద్ద రొయ్య ఆకారం వచ్చేస్తుంది. విశాఖ రాతి తీరాల్లో దొరికే ముళ్ళ లాబ్‌స్టర్ సంగతి వేరు. దాని పిల్ల గాజులా పారదర్శకమైన పలచటి ఆకులా ఉండి, నెలల తరబడి సముద్రం మీద తేలుతూ ఒక దశ తరవాత ఒక దశ దాటుతుంది. అంతకాలం దాన్ని తొట్టెలో బతికించడం వ్యాపారానికి గిట్టే పని కాదు. అందుకే లాబ్‌స్టర్ వలకు దొరికే సరుకుగానే మిగిలింది, రొయ్య పంట అయింది.

పెద్ద రొయ్య ఆకారం వచ్చి పోస్ట్‌లార్వా దశకు చేరిన రొయ్య పిల్లలు పోటుతో పాటు ఏటి మొగల్లోకి వస్తాయి. గోదావరి కొసన కోరంగి మడ అడవులు, కాకినాడ అఖాతం, కృష్ణ మొగలు, పులికాట్ సరస్సు వాటి పెంపకపు తావులు. ఉప్పు తగ్గిన నీటిలో, మడచెట్ల వేళ్ళ మధ్య, కుళ్ళిన ఆకుల మీద పెరిగే సూక్ష్మజీవుల్ని తింటూ కొన్ని నెలల్లో ఎదుగుతాయి. ఆ తరవాత పాటుతో సముద్రానికి మళ్ళుతాయి. వేటగాళ్ళు ఆ సమయం తెలిసి ఉప్పుటేళ్ళలో గుంజలు పాతి, ప్రవాహానికి ఎదురుగా సంచి వలలు కట్టేవారు. పచ్చి సరుకు దగ్గరి సంతలకే చాలేది. మిగతాది ఇసుక మీద ఎండి, ఎండు రొయ్యలుగా, రొయ్యపొట్టుగా మెట్ట ఊళ్ళకు వెళ్ళేది. గోంగూరలోనూ వంకాయలోనూ రొయ్య పడటం ఈ ఎండు సరుకు పుణ్యమే. కేరళ పొక్కాలి వరిమళ్ళలోనో, బెంగాల్ భేరీల్లోనో పోటు నీటితో వచ్చిన రొయ్యల్ని కట్టడి చేసి పెంచే పాత అలవాటు ఉంది. ఆంధ్ర తీరంలో అలాంటిది పెద్దగా వేళ్ళూనలేదు. ఇక్కడ సాగు వచ్చినప్పుడు ఒక్కసారిగా కొత్తగానే వచ్చింది.

మంచుగడ్డలో పెట్టిన రొయ్య 1953లో కొచ్చిన్ నుంచి అమెరికాకు ఓడెక్కింది. దాంతో ధర సంతలో కాకుండా విదేశీ మార్కెట్లో తేలడం మొదలైంది. 1972లో సముద్ర ఉత్పత్తుల ఎగుమతి అభివృద్ధి సంస్థ, ఎంపెడా, ఏర్పడింది. విశాఖ నుంచి ట్రాలర్లు ఉత్తరాన బెంగాల్ తీరం దగ్గరి ఇసుక మేటల దాకా వెళ్ళి టైగర్, తెల్ల రొయ్యల్ని తోడాయి. ట్రాలర్ వల అడుగును గీకుతూ పోతుంది కనుక రొయ్యతో పాటు పనికిరాదనుకున్న చేప, మాంటిస్ రొయ్య, చిన్న పీత అన్నీ పైకి వచ్చేవి. వాటిలో చాలా భాగం తిరిగి సముద్రం పాలయ్యేది. కొత్త పడవలు పెరిగిన కొద్దీ పడవకు దొరికే వాటా తగ్గింది. అప్పటికి రొయ్యను పెంచడం ఎలాగో జపాన్‌లో తెలిసిపోయింది.

మోతొసాకు ఫుజినాగా 1934లో కురుమా రొయ్య గుడ్లను ప్రయోగశాలలో పొదిగించాడు. పిల్లలు జోయా దశలో చచ్చిపోతుంటే, వాటికి డయాటమ్‌లు పెంచి పెట్టాలని కనుక్కున్నదీ అతనే. 1968లో తైవాన్‌లో ఐ-చియు లియావో ఇదే పద్ధతిలో టైగర్ పిల్లల్ని తయారు చేశాడు. చిక్కు ఒకటి మిగిలింది: నిర్బంధంలో టైగర్ తల్లి గుడ్డు కట్టదు. దానికి దారి అంతకుముందే, 1943లో, ఫ్రెంచి శాస్త్రవేత్త పనూజ్ చూపించాడు. రొయ్య కంటికాడలో ఉన్న గ్రంథి అండాశయాన్ని అణచే హార్మోన్‌ను వదులుతుంది. కంటికాడ తీసేస్తే అండాశయం ఎదుగుతుంది. రెండు కళ్ళలో ఒకటి తీసేసిన తల్లి కొద్ది రోజుల్లోనే గుడ్లు పెడుతుంది. ప్రపంచమంతటా హేచరీలు ఈ కోత మీదే నిలబడ్డాయి. ఒక పరిశ్రమ మొత్తం ఒక జీవి కన్ను తీయడం మీద ఆధారపడటం చూడటానికి కష్టమైన విషయమే. దాన్ని మానాలన్న ప్రయత్నాలు ఇప్పుడిప్పుడే బలపడుతున్నాయి.

ఆంధ్రలో చెరువులు తవ్విన తొలిరోజుల్లో హేచరీలు చాలినన్ని లేవు. సీడు ఏటి మొగల నుంచే వచ్చేది. ఆడవాళ్ళూ పిల్లలూ మోకాటి లోతు నీటిలో సన్నకన్ను వలలు తోసుకుంటూ, తెల్లని పళ్ళెంలో పోసి టైగర్ పిల్లల్ని ఒక్కొక్కటిగా ఏరేవారు. పేద ఇళ్ళకు రోజుకూలి కంటే మేలైన రాబడి అది. ఏరగా మిగిలిన ఇతర జాతుల పిల్లలు గట్టు మీదే చచ్చేవి. 1989లో ఎంపెడా అండతో విశాఖ తీరంలో టాస్పార్క్ హేచరీ మొదలైంది. దాని వెనకే ప్రైవేటు హేచరీలు విశాఖ, కాకినాడ, నెల్లూరు తీరాల్లో లేచాయి. విశాఖ పడవలకు దొరికే తల్లి టైగర్ ఒక్కొక్కటి వేల రూపాయలు పలికింది. పిల్లలకు మేతగా అమెరికాలోని గ్రేట్ సాల్ట్ లేక్ నుంచి ఆర్టీమియా గుడ్లు డబ్బాల్లో వచ్చాయి. ఆర్టీమియా కూడా చిన్న క్రస్టేషియనే. దాని ఎండిన గుడ్డు ఏళ్ళ తరబడి చెడకుండా ఉండి, ఉప్పునీటిలో వేస్తే ఒక్క రోజులో పొదుగుతుంది.

1990ల మొదట్లో నెల్లూరు, ప్రకాశం, గుంటూరు, కృష్ణా, గోదావరి జిల్లాల తీరమంతా చెరువులైంది. వరి పొలాలు లీజుకు పోయాయి. పక్క పొలాల్లో ఉప్పు ఊరింది, బావినీరు తాగడానికి పనికిరాకుండా పోయింది. నెల్లూరు జిల్లా కండలేరు ఏటి వెంట చెరువులు గట్టుకు గట్టు ఆనించి తవ్వారు. ఒక చెరువు వదిలిన మురుగును పక్క చెరువు మోటారు పెట్టి తోడుకునేది. తైవాన్ సాగు ఇలాంటి ఇరుకులోనే 1988కి కుప్పకూలిందన్న సంగతి అప్పటికే లోకానికి తెలుసు.

1994 చివర్లో తెల్లమచ్చ వ్యాధి వచ్చింది. పెంకు లోపల తెల్లటి మచ్చలు, మేత మానడం, గట్టు వెంట తిరుగుతూ నీరసించడం, ఆపైన వారం పది రోజుల్లో చెరువంతా తుడిచిపెట్టుకుపోవడం. దీనికి కారణమైన వైరస్ ఒక్క రొయ్యకే పరిమితం కాదు. పీతలు, లాబ్‌స్టర్లు, సహజ నీళ్ళలో తిరిగే రొయ్యలు, ఇలా దాదాపు దశపాదులన్నిటికీ సోకగలదు. పైకి ఏమీ తెలియకుండా పీత దాన్ని మోస్తూ గట్టు దాటి పక్క చెరువులోకి దిగుతుంది. క్రస్టేషియన్ల ఒంట్లో మనుషులకున్నట్టు యాంటీబాడీలు తయారు కావు; రోగాన్ని గుర్తుపెట్టుకుని ఎదిరించే ఆ ఏర్పాటు లేనందున, పశువులకు వేసినట్టు టీకా వేయడం కుదరలేదు. మందుల దుకాణాలు అమ్మినదేదీ దాన్ని ఆపలేదు. అప్పుచేసి రెండో పంట వేసినవాళ్ళు రెండోసారీ నష్టపోయారు.

1996 డిసెంబర్ 11న రొయ్యల చెరువులకు వ్యతిరేకంగా వేసిన జగన్నాథ్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. తీర నియంత్రణ మండలంలో సంప్రదాయ సాగు మినహా మిగతా రొయ్యల చెరువులను తొలగించాలనీ, పులికాట్, చిలికా సరస్సులకు వెయ్యి మీటర్లలోపు అలాంటి చెరువులు ఉండకూడదనీ ఆదేశించింది. 1997లో ఆక్వాకల్చర్ అథారిటీ ఏర్పడింది. 2005 చట్టం దాని స్థానంలో కోస్టల్ ఆక్వాకల్చర్ అథారిటీని నిలిపి, సాగును అనుమతుల కిందికి తెచ్చింది. తీర్పు కోరిన కూల్చివేత చాలావరకు జరగలేదు. అయినా నీరు ఎక్కడ తోడాలి, ఎక్కడ వదలాలి, ఎన్ని పిల్లల్ని పోయాలి అన్నవి అడగదగ్గ ప్రశ్నలయ్యాయి. ఆ మధ్యకాలంలో చాలామంది రైతులు మంచినీటి నీలకంఠ రొయ్యకు మళ్ళారు. కొన్నేళ్ళు అది ఆదుకుంది, తరవాత దానికీ రోగాలు తగిలి తగ్గిపోయింది.

వనామీ పసిఫిక్ తూర్పు తీరపు జీవి. సొంత చోటు మెక్సికో నుంచి పెరూ దాకా. 2003లో పరీక్షగా తెచ్చి, 2009లో అనుమతించారు. దాని బలం ఒంట్లోనే ఉంది. టైగర్ ఆడది పెంకు విడిచి మెత్తగా ఉన్నప్పుడే మగదాన్ని చేరనిస్తుంది. వనామీ ఆడది గట్టి పెంకుతో, గుడ్డు పండాకే కలుస్తుంది. అందువల్ల తొట్టెలో జత కట్టించడం, తరం తరవాత తరం ఎంపిక చేసి పెంచడం సులువు. నిర్దేశించిన రోగకారకాలు లేవని పరీక్షల్లో తేలిన ఎస్‌పీఎఫ్ తల్లుల్ని హవాయిలో 1990ల నాటికే తయారు చేశారు. భారత్‌కు వచ్చే తల్లులన్నీ చెన్నై నీలాంకరైలోని క్వారంటైన్ కేంద్రం దాటాలి. టైగర్ ఎక్కువగా అడుగున తిరుగుతుంది. వనామీ నీటి మందమంతా వాడుకుంటుంది. టైగర్‌కు చదరపు మీటరుకు పది పిల్లలు మించరాదన్న నిబంధన, వనామీకి అరవై దాకా ఒప్పుకుంది. అతి తక్కువ ఉప్పులోనూ బతుకుతుంది కనుక భీమవరం చుట్టుపక్కల, సముద్రానికి దూరంగా కూడా చెరువులు వెలిశాయి. తెల్లమచ్చ నేర్పిన పాఠంతో చెరువు చుట్టూ పీతలు దాటలేని కంచె, పైన పక్షుల వల, నీటిని క్లోరిన్‌తో శుద్ధి చేసే రిజర్వాయరు, సీడుకు పీసీఆర్ పరీక్ష వచ్చాయి. తెల్లవారుజామున ఆక్సిజన్ పడిపోకుండా రాత్రంతా ఏరేటర్లు తిరుగుతాయి. నాలుగు నెలల లోపే పంట. ధర కిలోకు ఎన్ని రొయ్యలన్న ‘కౌంట్’ లెక్కన.

కొద్ది ఏళ్ళలో టైగర్ చెరువులు దాదాపు కనుమరుగయ్యాయి. దేశంలో పండే వనామీలో అధికభాగం ఆంధ్రదే అయింది. ఒకే జాతి మీద, విదేశాల నుంచి వచ్చే తల్లుల మీద ఇంత బరువు పెట్టడం ప్రమాదమని తొందరలోనే తెలిసింది. ఈహెచ్‌పీ అనే సూక్ష్మ పరాన్నజీవి రొయ్యను చంపదు. దాని కాలేయ-క్లోమ గ్రంథిలో చేరి పెరుగుదల ఆపేస్తుంది. మేత ఖర్చవుతుంది, కౌంట్ దిగదు. రైతుకు ఇది తెల్లమచ్చ కంటే నెమ్మదిగా జరిగే నష్టం. దీనికి సమాధానంగా రెండు పాత జాతులు తిరిగి వస్తున్నాయి. ఎస్‌పీఎఫ్ టైగర్ తల్లులు దిగుమతి కావడంతో కొందరు రైతులు మళ్ళీ టైగర్ వేస్తున్నారు. చెన్నైలోని ఉప్పునీటి ఆక్వాకల్చర్ పరిశోధన సంస్థ సీబా 2023లో భారతీయ తెల్ల రొయ్యకు జన్యు అభివృద్ధి కార్యక్రమం మొదలుపెట్టింది. అది తరం తరవాత తరం ఎంపిక మీద నడిచే పని. వనామీ విషయంలో అమెరికాలో దశాబ్దాల పాటు జరిగిన ఎంపిక, ఒకప్పుడు ఉప్పుటేటి వలల్లో పడ్డ ఈ దేశవాళీ రొయ్యకు ఇప్పుడు మొదలైంది.