పైనుండి ఇయ్యబడిన అధికారము

ప్రభువు పండ్రెండుమంది శిష్యులను పంపినప్పుడు వారికి శక్తిని, అధికారమును ఇచ్చెనని లూకా తన సువార్త 9వ అధ్యాయములో వ్రాసెను. ఈ రెండును ఒకటేనని మనము తలంచుదుము. గ్రీకు మూలములో ఇవి వేర్వేరు మాటలు. శక్తికి 'దునామిస్', అధికారమునకు 'ఎక్సూసియా'.

బండి లాగు ఎడ్లకున్నది దునామిస్. బండి ఎటు పోవలెనో చెప్పు హక్కు ఎక్సూసియా. ఈ మాట 'అనుమతి కలదు' అను అర్థమిచ్చు క్రియనుండి పుట్టినది. అనుమతి యున్నచోట దానిని ఇచ్చినవాడొకడు ఉండును గదా!

కపెర్నహూములోని శతాధిపతి ఈ సంగతి నెరిగినవాడు. తాను అధికారమునకు లోబడినవాడనని మొదట చెప్పి, తరువాతనే తన చేతిక్రింది సైనికులను గూర్చి పలికెను. పైవానికి లోబడుటవలననే అతని మాట క్రిందివారియెడల చెల్లెను.

పిలాతు దీనిని మరచెను. విడుదల చేయుటకును సిలువ వేయుటకును తనకు ఎక్సూసియా కలదని అతడు ప్రభువుతో అతిశయముగా పలికెను. అది పైనుండి ఇయ్యబడినదే యని ప్రభువు బదులిచ్చెను.

ఈ పిలాతు క్రీ. శ. 26 మొదలు 36 వరకు యూదయను పాలించెను. అతని పేరును పదవియు చెక్కిన రాయి 1961లో కైసరయ శిథిలములలో దొరకినది. గెరిజీము కొండయొద్ద అతని సైన్యము సమరయులను చంపగా, వారి పెద్దలు సిరియ అధిపతియైన వితెల్లియుతో మొరపెట్టుకొనిరి. వితెల్లియు పిలాతును తొలగించి, కైసరు ఎదుట లెక్క యొప్పజెప్పుమని రోమాకు పంపెనని యూదుల చరిత్రకారుడైన యోసేపసు వ్రాసెను. పిలాతు చేరకమునుపే తిబెరి కైసరు మరణించెను. లెక్క అడుగవలసిన కైసరును మరణమునకు లోబడినవాడే!

అన్యజనుల అధికారులవలె మీలో ఉండకూడదని ప్రభువు శిష్యులకు ఆజ్ఞాపించెను. సంఘ పెద్దలారా, కానుకల పెట్టె తాళపుచెవి, సభలో ముందు కుర్చీ మనకు అప్పగింపబడినవే. ఒకనాడు లెక్క చెప్పవలెను.

ఏ పదవియు లేని సహోదరుడా, సహోదరీ, దిగులుపడకుము. ప్రభువును అంగీకరించినవారికి దేవుని పిల్లలగుటకు అధికారము కలదని యోహాను వ్రాసినచోటను ఉన్న మాట ఎక్సూసియాయే. పిలాతు పదవి పోయెను. కూలివాని గుడిసెలోనున్న ఈ హక్కును ఏ కైసరును తీసివేయలేడు.